శాలిబండలో తాతల నాటి ఇల్లు: కూల్చాలా, నిలబెట్టాలా? తెలిసినవాళ్ళు చెప్పండి

లాల్‌దర్వాజ_ఆడపడుచు:

అందరికీ నమస్తే. పోస్టు కొంచెం పెద్దదే, ఓపిక చేసుకుని చదవండి, వానలు మొదలైనప్పటి నుంచి ఇంట్లో అందరికీ ఇదే టెన్షన్.

శాలిబండ మెయిన్ రోడ్డు నుంచి లోపలికి పోయే గల్లీలో మా ఇల్లు ఉంది. తాతయ్య వాళ్ళ నాన్న కట్టించారట, మూసీ వరదలొచ్చిన కొన్నేళ్ళకి అని నానమ్మ చెప్పేది, అంటే నూరేళ్ళ పైమాటే. వీధి దర్వాజ దాటితే సన్నటి దారి, అది మలుపు తిరిగితే వాకిలి, వాకిట్లో చేదబావి (ఇప్పుడు మూత వేసి ఉంది), మూడు వైపులా టేకు స్తంభాల వరండా, కమాన్లు, పైన మళ్ళీ అదే వరసలో గదులు. గోడలు రాయి, సున్నంతో కట్టినవి, రెండడుగుల మందం ఉంటాయి. ఎండాకాలం కింద గదుల్లో కూలర్ అవసరం పడదు. లాల్‌దర్వాజ బోనాలకి చుట్టాలంతా ఇప్పటికీ ఆ ఇంటికే వస్తారు, అందరం ఒకే కప్పు కింద పట్టే ఇల్లు మా వాళ్ళలో ఇంకెవరికీ లేదు.

ఇప్పుడు సమస్య ఏంటంటే, పైన ఉత్తరం వైపు గది కప్పు కిందికి వంగింది. మద్రాస్ టెర్రస్ కప్పు, వాసాల మీద ఇటుక పేర్చినది. ముందు సున్నం పెచ్చులు రాలాయి, పోయినసారి పెద్ద వాన తర్వాత రెండు వాసాలు కళ్ళకు కనిపించేంత వంగాయి. ఆ గది కింద కిరాయికి ఉన్నవాళ్ళకి ఇద్దరు చిన్నపిల్లలు. ఒక మేస్త్రీ వచ్చి, ఆ గది కప్పు మొత్తం తీసేసి సిమెంటు స్లాబ్ వేద్దాం అన్నాడు. ఇంకొకాయన ఇంజనీరునని చెప్పి గుమ్మంలో నిలబడి చూసి, ఈ ఇంటి ఆయుష్షు అయిపోయింది, కూల్చెయ్యండి అని వెళ్ళిపోయాడు. ఇదంతా తెలిసి ఒక బిల్డర్ డెవలప్‌మెంటుకి అడుగుతున్నాడు, కింద షాపులు, పైన ఫ్లాట్లు. పెదనాన్న ఇచ్చేద్దాం అంటున్నారు, బాబాయ్ అమెరికా నుంచి మీ ఇష్టం అంటున్నాడు, నాన్న ఏమీ తేల్చుకోలేక నిద్రపోవడం లేదు.

నాకు ఆ ఇల్లు ఉండాలని గట్టిగా ఉంది. కానీ ఆ పిల్లల మీద కప్పు పడితే ఆ తర్వాత ఇల్లు ఉండి మాత్రం ఏం లాభం. ఇలాంటి కప్పు బాగవుతుందా? ఎవరు చేస్తారు? ఏది ముందు చేయాలి? మీకు తెలిసింది చెప్పండి.


పాతగోడల_ఇంజనీరు:

అక్కా, మీ ప్రశ్నలన్నిటికంటే ముందు ఒక పని. ఈరోజే ఆ పై గది ఖాళీ చేసి తాళం వేయండి, కింద గదిలో ఉన్నవాళ్ళని ఇంట్లోనే వేరే వైపుకి మార్చండి. కూల్చాలా వద్దా అన్నది ఆ తర్వాత నెమ్మదిగా మాట్లాడుకోవచ్చు. తర్వాత కప్పుకి పోటీలు (కింద నుంచి ఆనించే ఊతలు, జాకీలు) పెట్టించండి, కానీ చాలామంది మేస్త్రీలు ఇక్కడే ఒకటి వదిలేస్తారు: పై గదిలో పెట్టే జాకీల బరువంతా ఆ గది నేల మీద పడుతుంది, ఆ నేల కూడా వాసాల మీద ఉన్నదే. కాబట్టి సరిగ్గా దాని కిందనే కింది గదిలో కూడా పోటీలు పెట్టి బరువు భూమి దాకా దించాలి. వాసాలకి అడ్డంగా ఒక దూలం పెట్టి దానికింద జాకీలు బిగించాలి. వంగిన వాసాన్ని పైకి నెట్టి సమం చేద్దామని ఎవరైనా అంటే ఒప్పుకోకండి, ఉన్నచోట ఉన్నట్టు పట్టుకుంటే చాలు.

ఇక అసలు విషయం. నేను ఈ పాత ఇళ్ళ పనే చేస్తాను, పాతబస్తీలో, సికింద్రాబాద్‌లో చాలా కప్పులు విప్పి చూశాను. మద్రాస్ టెర్రస్ ముసలిదై పడిపోవడం నేనింతవరకు చూడలేదు, నీళ్ళు తాగి పడిపోవడమే చూశాను. దాని నిర్మాణం అర్థమైతే మీకే తెలుస్తుంది. టేకు వాసాలు దాదాపు అడుగున్నర దూరంలో వేస్తారు, వాటి మీద పల్చటి ఇటుకలని నిలువుగా, వాసాలకి ఏటవాలుగా, సున్నంతో అతికిస్తూ పేరుస్తారు. దాని మీద పగలగొట్టిన ఇటుక ముక్కలు సున్నంలో కలిపి మందంగా పరిచి, బెల్లం, కరక్కాయ నానబెట్టిన నీళ్ళు చల్లుకుంటూ చెక్కలతో రోజుల తరబడి దిమ్మిస చేస్తారు. పైన పల్చటి పెంకులు. నీళ్ళు నిలవకుండా వాలు పెట్టి బయటికి తూములు వదులుతారు. ఇందులో బలహీనమైన చోటు ఒక్కటే, వాసం చివర గోడలోకి దూరే జానెడు భాగం. నడిమి భాగానికి గాలి తగులుతుంది, చివరకి తగలదు. తూము పూడిపోయి పిట్టగోడ మొదట్లో నీళ్ళు నిలిస్తే గోడ తడుస్తుంది, ఆ తడి వాసం చివరకి చేరుతుంది, ఆ తర్వాత చెదలు.

అందుకని మీరు చేయాల్సిన పరీక్ష చిన్నది. పోటీలు పెట్టాక, ఒక స్క్రూడ్రైవర్ తీసుకుని ప్రతి వాసాన్నీ గోడకి ఆనుకున్న చోట పొడిచి చూడండి. గట్టిగా తగిలితే బాగుంది, మెత్తగా లోపలికి దిగితే చివర కుళ్ళింది. నడిమిలో కూడా పొడవండి. వంద సంవత్సరాల టేకు నడిమిలో దాదాపు ఎప్పుడూ బాగానే ఉంటుంది. చివర మాత్రమే పోతే వాసం మొత్తం మార్చక్కర్లేదు, కుళ్ళింది కోసేసి కొత్త టేకు ముక్క అతికించి బోల్టులు వేయొచ్చు, లేదా రెండు వైపులా ఇనుప చానెల్ పెట్టి బిగించొచ్చు. ఒక్కొక్క వాసమే చేసుకుంటూ పోవాలి.

స్లాబ్ వద్దని ఎందుకంటున్నానంటే, ఆ వాసాలు కప్పుని మోయడమే కాదు, ఎదురెదురు గోడల్ని పట్టుకుని కూడా ఉన్నాయి. అవన్నీ ఒకేసారి పీకేస్తే రెండడుగుల రాతి గోడ పైన పట్టు లేకుండా నిలబడుతుంది, ఆ పైన స్లాబ్ కోసం గోడని చుట్టూ చెక్కుతారు, డ్రిల్లు మోగుతుంటే పక్క గదుల సున్నం కూడా వదులవుతుంది. ఒక గదికి స్లాబ్ వేశాక ఆ కొత్తదానికీ పాత కప్పుకీ మధ్య అతుకు దగ్గర మళ్ళీ లీకే.

నాకు మీరు మూడు విషయాలు చెప్పాలి. ఆ గది పైన ఏముంది, ట్యాంకు గానీ బాత్రూమ్ గానీ? గోడలకి ఎప్పుడైనా సిమెంటు పూత పూయించారా? లీకైనప్పుడల్లా పైన సిమెంటో వాటర్‌ప్రూఫ్ కోటింగో వేసుకుంటూ వచ్చారా?


గౌలిపురా_పెద్దాయన:

బిడ్డా, ఇంజనీరు సాబ్ చెప్పింది మంచిగనే ఉంది, కానీ నేను ఇంకో వైపు చెప్తా, కోపం చేసుకోకు. పాత ఇల్లు కాపాడాలి అని చెప్పేటోళ్ళలో ఎక్కువమంది ఇందులో ఉండేటోళ్ళు కాదు. ఆదివారం పొద్దున వచ్చి దర్వాజ దగ్గర ఫొటో దిగి పోతరు. వానలో తెల్లారేదాకా బకెట్లు పెట్టుకుని కూచునేది ఇంట్లోవాళ్ళు. కారు రాదు, అంబులెన్స్ రాదు, చుట్టాలకి స్కూటర్ పెట్టుకోనీకి జాగా లేదు, పిల్లలకి పెళ్ళి సంబంధం వస్తే ఇల్లు చూసి మొహం తిప్పుకుంటరు. మీ పెదనాన్నని దుర్మార్గుడు అనుకోవద్దు, ఆయన ఆ ఇంట్ల ఉండి విసిగిండేమో.

కానీ బిల్డర్ మాట నమ్మి కూడా తొందరపడకు. కాగితం మీద నాలుగంతస్తులు గీసి చూపిస్తడు, మీ గల్లీ వెడల్పు ఎంతో కొలిచి చూసిండా అడుగు. సన్న గల్లీల ఎంత ఎత్తు కట్టనిస్తరు, ముందు ఎంత వదలాలె అన్నది రోడ్డు వెడల్పుని బట్టి ఉంటది. మీకున్న జాగాల వదిలేది వదిలితే వాటాదార్లకి తలా ఒక చిన్న ఫ్లాటు కూడా రాకపోవచ్చు. అట్ల మధ్యలో ఆగిపోయిన పిల్లర్లు మా బస్తీల ఉన్నయి, పాత ఇల్లూ పాయె, కొత్తదీ లేకపాయె, వాళ్ళు ఇప్పుడు కిరాయి ఇంట్ల ఉన్నరు.

ఇంకొకటి, మెట్రో. మహాత్మాగాంధీ బస్ స్టేషన్ నుంచి చాంద్రాయణగుట్ట దాకా 7.5 కిలోమీటర్ల లైను హరిబౌలి, శాలిబండ మీదికెల్లే పోతది. రోడ్డు వెడల్పుకి పోయే జాగాకి గజానికి 81 వేలు అని రేటు కట్టిన్రు, 2025 జనవరిలనే కూల్చుడు మొదలుపెట్టిన్రు. మీది లోపలి గల్లీ అంటున్నవు కాబట్టి మార్కింగ్ పడి ఉండదు, అయినా కాగితాలు పట్టుకుని పోయి అడిగి తెలుసుకో. బిల్డర్ ఇప్పుడు ఎందుకొచ్చిండో కూడా అప్పుడు సమజయితది. స్టేషన్ వస్తే ఆ గల్లీ ధర ఇప్పటి ధర కాదు.


దేవిడీల_దారిలో:

పెద్దాయన చెప్పిన కష్టం నిజం, నేను కాదనను. కానీ ఈ ఊళ్ళో ఏం పోయిందో కూడా ఒకసారి చూడాలి. చార్మినార్ దగ్గర మాల్వాలా ప్యాలెస్ ఉండేది, 1845లో కట్టింది, నిజాం సర్కారు దఫ్తరు లెక్కలు చూసిన కాయస్థ కుటుంబానిది. చెక్క స్తంభాల మీద, కమాన్ల మీద చేసిన పనికి ఊరంతా పేరు. కాపాడాల్సిన కట్టడాల జాబితాలో ఉండి కూడా 2000 ప్రాంతంలో దాన్ని కూల్చేసి దుకాణాలు కట్టారు. దివాన్ దేవిడీ (దేవిడీ అంటే నవాబుల వాకిలి భవంతి) అని ఇప్పుడు బట్టల దుకాణాల పేరుగా వింటాం, అది నిజాం దివాన్లు సాలార్‌జంగుల ఇల్లు, మిగిలింది పేరూ కమానే. హుస్సేనీ ఆలంలో ఖుర్షీద్ జా దేవిడీ అంత పెద్ద స్తంభాలతో ఉండి కూడా ఏళ్ళ తరబడి శిథిలంగా పడి ఉండేది. ఊరి కోట గోడకున్న దర్వాజాల్లో పురానాపూల్, దబీర్‌పురా తప్ప మిగిలినవి లేవు.

ఇవన్నీ నవాబులవి, జాగీర్దార్లవి, ఎవరో ఒకరు రాసిపెట్టారు, ఫొటోలు ఉన్నాయి. మీలాంటి ఇళ్ళ సంగతి అంతకంటే బాధాకరం. శాలిబండ, గౌలిపురా, లాల్‌దర్వాజ, అలియాబాద్‌లలో మామూలు తెలుగు కుటుంబాలు కట్టుకున్న వాకిలి ఇళ్ళు ఏ జాబితాలోనూ ఉండవు, పోయినా ఎవరూ లెక్కపెట్టరు. అదే దేవిడీ పద్ధతి చిన్న కొలతలో: వీధిలో నిలబడ్డవాళ్ళకి లోపల కనిపించకుండా మలుపు తిరిగే దారి, నడుమ వాకిలి, చుట్టూ వరండా. మీ నానమ్మ మాట ప్రకారం 1908 వరద తర్వాత కట్టింది అయితే ఇంకా విలువైనది, ఎందుకంటే వరదకీ, ఆ తర్వాత 1912లో వచ్చిన సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు రోడ్ల వెడల్పుకీ ఊరు రూపమే మారిపోయింది, చార్మినార్ దగ్గరి రాతి కమాన్ల బజారు పత్తర్‌గట్టి ఆ కాలందే. జనం మళ్ళీ ఇళ్ళు కట్టుకున్న ఆ రోజుల ఇల్లు మీది.

చట్టం సంగతి ఒక్క ముక్కలో. పాత కట్టడాలకి హుడా (అప్పటి హైదరాబాద్ పట్టణాభివృద్ధి సంస్థ) రెగ్యులేషన్ 13 అని ఒకటి ఉండేది, 2015లో తీసేశారు, 2017లో తెలంగాణ హెరిటేజ్ చట్టం వచ్చింది. మీ ఇల్లు దాని కిందికి రాకపోతే నిలబెట్టాలా వద్దా అన్నది పూర్తిగా మీ కుటుంబం చేతిలోనే ఉంది. దయచేసి ఏ నిర్ణయం తీసుకున్నా ముందు ఆ ఇంటిని కొలిపించండి. ప్లాను గీయించి, ప్రతి గదికీ, ప్రతి స్తంభానికీ ఫొటో తీసి పెట్టండి. ఆర్కిటెక్చర్ చదివే పిల్లలు సంతోషంగా వచ్చి చేస్తారు.


చార్‌కమాన్_షాపు:

అందరూ కప్పు గురించే మాట్లాడుతున్నారు, నాకు భయమేసేది కరెంటు. 2025 మే 18 పొద్దున గుల్జార్‌హౌజ్‌లో జరిగింది మా షాపుకి నాలుగడుగుల దూరం. కింద నగల షాపులు, పైన కుటుంబం, పాత ఇల్లు, లోపలికి సన్నటి దారి, ఒకటే మెట్ల వరస. 17 మంది పోయారు, అందులో 8 మంది పిల్లలు. షార్ట్ సర్క్యూట్‌తో మొదలైందని అధికారులు చెప్పారు. మంట కంటే పొగే ఎక్కువమందిని తీసుకుపోయింది, బయటికి రావడానికి ఇంకో దారి లేదు.

మీ ఇంటి వర్ణన చదువుతుంటే నాకు అదే కళ్ళ ముందు తిరిగింది, మలుపు తిరిగే సన్నటి దారి. దొంగల భయానికీ, పరదాకీ కట్టిన దారి అది, ఏసీలూ ఫ్రిజ్‌లూ గీజర్లూ ఉన్న కాలానికి కట్టింది కాదు. ఇన్ని కుటుంబాలుంటే ఇన్ని మీటర్లు, అన్నీ ఆ దారిలోనే గోడకి కొట్టి ఉంటారు, కదా? మీటర్ల బోర్డుని ఆ దారి నుంచి బయటికి మార్పించండి. చెక్క వాసాల వెంబడి పాకించిన పాత వైర్లన్నీ పీకించి పైపుల్లో కొత్తవి వేయించండి, కరెంటు లీకేజీకి ట్రిప్ అయ్యే బ్రేకర్ ప్రతి వాటాకీ వేరుగా పెట్టించండి. ఆ దారిలో సైకిళ్ళు, గ్యాస్ బండలు, పాత సామాను ఉంటే ఈరోజే తీయించండి. పైనుంచి పక్కింటి డాబా మీదికి దిగేలా ఒక ఇనుప నిచ్చెన, తాళం లేని తలుపు. పక్కింటివాళ్ళతో మాట తేడాలున్నా సరే వెళ్ళి అడగండి. ఇవి కాకుండా ఎంత అందంగా బాగుచేయించినా ఆ ఇంట్లో పిల్లల్ని పడుకోబెట్టమని నేను చెప్పలేను.


వకాల్తా_శీను:

వాటాల మాట ఎవరూ ఎత్తలేదు కాబట్టి. అక్కా, మీ పోస్టులో నాన్న, పెదనాన్న, బాబాయ్ ఉన్నారు, మేనత్తలు ఉన్నారా? తాతగారు వీలునామా రాయకుండా పోయి ఉంటే 1956 హిందూ వారసత్వ చట్టం ప్రకారం కూతుళ్ళకి కూడా కొడుకులతో సమానంగా వాటా ఉంటుంది. వాళ్ళ సంతకం లేకుండా బిల్డర్‌తో ఏ అగ్రిమెంటు చేసుకున్నా రేపు కోర్టులో కూర్చోవాలి, ఇల్లు ఆ కేసు తేలేదాకా వానలో తడుస్తూ కూలిపోతుంది. పాతబస్తీలో ఇళ్ళు పడిపోవడానికి ఈ కేసులు కూడా పెద్ద కారణం, ఎవరూ రిపేరుకి రూపాయి పెట్టరు, ఎవరూ పెట్టనివ్వరు. అందుకని ముందు ఒక పని చేయండి: అమ్మకం, డెవలప్‌మెంటు మాట పక్కన పెట్టి, కేవలం రిపేరు ఖర్చు వాటాల ప్రకారం పంచుకుంటామని, దాని వల్ల ఎవరి హక్కూ పెరగదు తరగదు అని అందరూ ఒక కాగితం మీద సంతకాలు పెట్టుకోండి. దీనికి మీ పెదనాన్న కూడా అడ్డు చెప్పరు. మున్సిపల్ వాళ్ళు వానాకాలం ముందు శిథిల ఇళ్ళకి నోటీసులు ఇస్తారు కదా, మీకు వస్తే ఇంజనీరు రిపోర్టు, పోటీలు పెట్టిన ఫొటోలు, ఈ కాగితం చేతిలో ఉంటే మీరు మాట్లాడగలరు.


లాల్‌దర్వాజ_ఆడపడుచు:

అందరికీ చాలా థాంక్స్, నాన్నకి ఒక్కొక్కటీ చదివి వినిపించాను. పెద్దాయన మాట విని నాన్న, అన్నయ్య చెప్పేది కూడా అదే, మనం వినలేదు అన్నారు. మేనత్తలు ఇద్దరున్నారు, ఇద్దరూ ఇల్లు ఉండాలనే అంటారు, వాళ్ళని ఇప్పటిదాకా ఎవరూ అడగలేదు.

కింద వాళ్ళని బోనాల గదిలోకి మార్చాం. పోటీలు పై గదిలోనూ కింద గదిలోనూ పెట్టించాం. ఇంజనీరు గారూ, మీరడిగినవి: ఆ గది మీద సరిగ్గా మూలకి వెయ్యి లీటర్ల ట్యాంకు ఉంది, దాని కింద నాలుగు ఇటుకలే. ట్యాంకు నిండి పొర్లితే నీళ్ళు పిట్టగోడ వెంబడే పోతాయి, అక్కడి తూముని ఎప్పుడో సిమెంటుతో మూసేశారు, పక్కింటి మీద నీళ్ళు పడుతున్నాయని గొడవైతే. పిట్టగోడలో రావి మొక్క కూడా మొలిచింది. గోడలకి లోపల సిమెంటు పూత ఉంది, కింద నడుము ఎత్తు దాకా టైల్స్. టైల్స్ పైన గోడంతా ఉప్పు పొంగి పెయింటు రాలుతోంది. పైన కోటింగులు ఎన్ని వేశారో బాబాయ్‌కి కూడా గుర్తులేదు. స్క్రూడ్రైవర్‌తో చూస్తే ట్యాంకు వైపు గోడలో నాలుగు వాసాలు మెత్తగా ఉన్నాయి, అదే వాసాలు రెండో చివర గట్టిగా ఉన్నాయి. మిగిలినవన్నీ గట్టిగానే ఉన్నాయి.


పాతగోడల_ఇంజనీరు:

అక్కా, అయితే ఇంటి ఆయుష్షు అయిపోలేదు, ఒక మూల తడిసింది. నాలుగు వాసాలు, అదీ ఒక్క చివర. ఇది కూల్చాల్సిన కేసు కాదు, ఎవరన్నా నేను ఒప్పుకోను.

వెయ్యి లీటర్లంటే నీళ్ళే ఒక టన్ను, నాలుగు ఇటుకల మీద, కుళ్ళిన చివరల మీద. ఆ ట్యాంకు ముందు ఖాళీ చేయించి దించండి, కొత్తది వాకిట్లో నేల మీద పెట్టి అవసరమైతే పైన చిన్నది గోడలు కలిసే చోట ఇనుప దూలం మీద పెట్టుకోవచ్చు. మూసేసిన తూము తెరిపించండి, పక్కింటికి పడకుండా పైపు పెట్టి కిందికి దింపితే గొడవ ఉండదు, ఆ పైపు సంగతీ నిచ్చెన సంగతీ ఒకేసారి మాట్లాడండి. రావి మొక్కని పీకకండి, వేరుతో పాటు గోడ రాళ్ళు వస్తాయి. మొదటికి కోసి, వేరు చచ్చాక ఆ సందులు సున్నంతో నింపించాలి.

గోడల ఉప్పుకి కారణం ఆ సిమెంటూ టైల్సే. సున్నపు గోడ నేలలోంచి తడి పీల్చుకుంటుంది, మళ్ళీ గాలికి వదిలేస్తుంది, అది దాని స్వభావం. సిమెంటు పూసి, టైల్స్ అంటిస్తే వదిలే దారి మూసుకుపోయి తడి ఇంకా పైకి ఎక్కుతుంది, టైల్స్ పైన ఉప్పు అందుకే. అది ఎక్కి ఎక్కి వాసాల దాకా పోనివ్వకండి. టైల్స్ తీయించి, సిమెంటు పూత నెమ్మదిగా సుత్తితో, మెషిన్ లేకుండా రాల్పించి, ఒక ఎండాకాలం గోడని అట్లాగే ఆరనివ్వండి. తర్వాత సున్నపు పూత. డంగు సున్నం (గానుగలో నూరిన సున్నం) పని వచ్చిన మేస్త్రీలు లేరనుకోకండి, కుతుబ్‌షాహీ సమాధుల దగ్గర ఆగాఖాన్ ట్రస్టు 2013 నుంచి చేసిన పనిలో, కోఠీలో పాత బ్రిటిష్ రెసిడెన్సీ బాగుచేసినప్పుడు చాలామంది చేయి తిరిగినవాళ్ళు తయారయ్యారు. అక్కడ పనిచేశానన్న మేస్త్రీని పిలిచి, సున్నం ఎన్నాళ్ళు నానబెడతావు అని అడగండి. రేపే తెచ్చి పూసేస్తా అన్నవాడిని పంపించేయండి.

పైన కోటింగుల పొరలు కూడా తీయించాలి, పాత పెంకు కనిపించేదాకా. ప్రతి పొరా బరువే, ఒక్కటీ నీళ్ళు ఆపలేదు. కానీ ఆ పనీ, వాసాల పనీ వానలు తగ్గాకే. కప్పు విప్పిన రోజు వాన పడితే మొత్తం పోతుంది. అప్పటిదాకా పోటీలు కదపకండి, పై గదికి తాళం తీయకండి, టార్పాలిన్ కప్పి అంచులు పిట్టగోడ బయటికి వేలాడేలా కట్టించండి. పగుళ్ళ మీద అడ్డంగా పెన్సిల్ గీతలు గీసి పక్కన తేదీ రాసి పెట్టండి, గీత రెండు ముక్కలుగా జరిగితే వెంటనే ఇక్కడ రాయండి. ఖర్చు సంగతి చదరపు అడుగు లెక్కన చెప్పేవాళ్ళని నమ్మొద్దు, వాసం వాసానికీ లెక్క రాయించుకోండి, అప్పుడు మీ పెదనాన్న ముందు పెట్టడానికి ఒక అంకె ఉంటుంది.


గౌలిపురా_పెద్దాయన:

బిడ్డా, సిమెంటు లేకుండా సున్నం పూసే మేస్త్రీ ఒకడు మా బస్తీలనే ఉన్నడు, ముసలాయన, కొడుకు కూడా నేర్చుకున్నడు. ఇక్కడ నంబర్ పెట్టను, మెసేజ్ చెయ్యి, ఇస్తా. మీ పెదనాన్నని కూడా వెంటబెట్టుకుని రా, నేను మాట్లాడుత.